గలాటా వంతెనమీది హమాలీ

ఒక నగరముయొక్క వైభవమును చూడగోరువాడు కోటలను, రాజప్రాసాదములను, ప్రార్థనామందిరములను చూచును. ఆ నగర మెట్లు బ్రదుకుచున్నదో తెలిసికొనగోరువాడు దాని వంతెనమీద నొక గడియసేపు నిలువవలెను. ప్రాసాదములోనికి కొందఱే పోగలరు. వంతెనను అందఱును దాటవలెను. కచ్చేరికి పోవు ఉద్యోగియు, అంగడికి పోవు వర్తకుడును, కూలికి పోవు బీదవాడును ఆ యిఱుకుదారిలో నొకరి భుజము నొకరు రాచుకొనుచు నడువవలసినదే. ఈ గట్టున ఎవ డెంతవాడో, ఆ గట్టున ఎవ డెంతవాడో కాని, వంతెన నడుమ మాత్రము అందఱును బాటసారులే.

చలనచిత్రము పుట్టిన తొలినాళ్లలో దేశదేశములు తిరిగిన ఛాయాగ్రాహకులు ఈ సంగతిని శీఘ్రముగనే కనిపెట్టిరి. వారు తీసిన యాత్రాచిత్రములలో వంతెనలు పలుమాఱు కనబడును. ఆ చిత్రములు నేడు మరల వెలికివచ్చి, శుభ్రపఱుపబడి, ఇంటింట చూడదగిన స్థితికి వచ్చినవి. వానిని వింతగా చూచి నవ్వి ఊరకుండుట సులభము. కాని వానియందు మనము నేర్చికొనవలసిన పాఠ మొకటి కలదని మా యభిప్రాయము. ఆ పాఠము తెలియుటకు ఇస్తాంబులు నగరమునందలి గలాటా వంతెనను మించిన యుదాహరణము మాకు కనబడలేదు.

వంతెనయే ఎందులకు?

1888 అక్టోబరులో లూయీ లెప్రిన్సు అను ఫ్రెంచివాడు ఇంగ్లండులోని లీడ్సు నగరమున వంతెనమీద పోవు బండ్లను, పాదచారులను తన యంత్రముతో పట్టెను. అందు నేటికి మిగిలినవి 20 బొమ్మలు మాత్రమే. అయినను ప్రపంచమున మిగిలియున్న అతిప్రాచీన చలనచిత్రములలో నది యొకటి. 1896 లో రాబర్టు పాల్ లండనునందు బ్లాక్‌ఫ్రయర్సు వంతెనచెంత తన కెమెరాను నిలిపెను. చలనచిత్ర మింకను నడక నేర్చుకొనుచున్న దినములలోనే అది వంతెనమీదికి వచ్చినదన్నమాట.

ఇందుకు కారణము లేకపోలేదు. ఆనాటి ఫిల్ము మందకొడిది. దానికి మిక్కిలి వెలుతురు కావలెను. వంతెనమీద ఆకాశమునకు అడ్డము లేదు. లూమియేరు సోదరుల యంత్రమున పట్టు ఫిల్ము సుమారు 17 మీటర్లు. అది నడచునది సుమారు 50 సెకండ్లు. అంత స్వల్పకాలములో కథ చెప్పుటకు వీలులేదు. వంతెనమీద కథ కల్పింప బనిలేదు; పిడి త్రిప్పుట మొదలిడిన క్షణమున నెవరు వచ్చుచుండిరో వారే పాత్రలు. వారికి వేషము వేయనక్కఱలేదు, కూలి యీయనక్కఱలేదు. ఒకరు పోవుచుండగనే మఱియొకరు వత్తురు.

ఈ చివరి సంగతియే ముఖ్యమైనది. ఛాయాగ్రాహకుడు తన కెమెరాను ఎచట నిలుపవలెనో నిర్ణయించుకొనగలడు. ఎవరు నడువవలెనో నిర్ణయింపజాలడు. కనుక రాజు కోరని జనులును, యాత్రికుడు కోరని జనులును ఆ బొమ్మలోనికి తమంతట తామే వచ్చిరి.

రెండు గట్టులు, ఒక దారి

ఇస్తాంబులును ఆనాడు లోకము కాన్‌స్టాంటినోపులని పిలిచెడిది. యూరపువారు 'బంగారు కొమ్ము' అని పేరిడిన సముద్రపుపాయ యొకటి ఆ నగరమును రెండుగా చీల్చుచున్నది. దక్షిణపు గట్టున పాత నగరము: సుల్తానుల పాత ప్రాసాదము, మహామసీదులు, కప్పు వేసిన బజారు. ఉత్తరపు గట్టున గలాటా. దాని పైనున్న మెట్టమీద పేరా. అచట బ్యాంకులు, విదేశీయ వర్తకుల కోఠీలు, రాయబారుల భవనములు, నాటకశాలలు ఉండెను. ఒక గట్టు సామ్రాజ్యమునకు గత వైభవము. రెండవ గట్టు ఆ సామ్రాజ్యమునకు అప్పులిచ్చిన యూరపుయొక్క ముంగిలి. ఈ రెంటిని కలిపిన ముఖ్యమార్గము గలాటా వంతెన. 'గలాటా' యన్నది మన వాడుకలో అల్లరికి పేరు. ఈ రెండు మాటలకు చుట్టఱికము కలదని మేము చెప్పబోము. కాని చిత్రములలో ఆ వంతెనను చూచిన తెలుగువాడు పేరు తగినదే యనుకొనక మానడు.

ఆ పాయపై వంతెన కట్టవలెనన్న కోరిక ప్రాచీనమైనది. 1502 ప్రాంతమున లియొనార్డో డావించి సుల్తాను రెండవ బాయజీదు కొఱకు 240 మీటర్ల పొడవున ఒకే కమానుతో వంతెనను ఊహించి పటము గీసెను. అది పటముగనే నిలిచిపోయెను. 1836 లో సుల్తాను రెండవ మహమూదు పాయయొక్క పైభాగమున నొక వంతెన కట్టించెను. 1845 లో సుల్తాను అబ్దుల్ మజీదుయొక్క తల్లి గలాటాయొద్ద కొయ్యవంతెన కట్టించెను. 1863 లో దానికి మాఱుగా వేఱొక కొయ్యవంతెన వచ్చెను. 1875 లో వచ్చిన మూడవ వంతెన ఇనుపది: 480 మీటర్ల పొడవు, 14 మీటర్ల వెడల్పు, అడుగున 24 ఇనుప దోనెలు. 1912 లో జర్మను కంపెనీ యొకటి నాలుగవ వంతెన కట్టెను. దాని పొడవు 466 మీటర్లు, వెడల్పు 25 మీటర్లు. తొలినాటి యాత్రాచిత్రము లెఱిగినవి ఈ మూడవ, నాలుగవ వంతెనలనే.

ఇవి రెండును నీటిపై తేలు వంతెనలు. ఓడలు పోవుటకు నడిమిభాగమును తెఱచెడివారు. 1874 మొదలు 1943 వఱకు కలకత్తా హౌరాల నడుమ హుగ్లీనదిపై నిలిచిన పాత వంతెనయు ఈ జాతిలోనిదే. దానిపై నడచిన తెలుగువా రెందఱో కలరు. వారి మాటలు విన్న యిండ్లలో ఈ తేలు వంతెన యెట్టిదో వేఱుగ చెప్పనక్కఱలేదు.

పిడి త్రిప్పు పెట్టె

1895 డిసెంబరు 28 వ తేదీన పారిసులో లూమియేరు సోదరులు టిక్కెట్టు పెట్టి తమ చిత్రములను ప్రదర్శించిరి. 1896 జూలై 7 వ తేదీన బొంబాయిలోని వాట్సను హోటలులో ఆ ప్రదర్శనము జరిగెను. వారు చిత్రములు చూపుటతోనే తృప్తి నొందక, దేశదేశములకు మనుష్యులను పంపి క్రొత్త చిత్రములు తీయించిరి. ఆ కంపెనీ జాబితాలో 1,400 పైచిలుకు చిత్రములు కలవు. అట్లు పంపబడినవారిలో అలెగ్జాండరు ప్రోమియో యొకడు. 1896 లో వెనీసులో పడవమీద కెమెరా నుంచి, కదలు గట్టును చిత్రించి, క్రొత్త మార్గము చూపినవా డీతడే. కాన్‌స్టాంటినోపులులోను బంగారుకొమ్మును, బాస్ఫరసు తీరములను అట్లే తీసెను. ఆ చిత్రములు 1897 లో జాబితా కెక్కినవి.

ఆ కాలమున సుల్తాను రెండవ అబ్దుల్ హమీదు పాలించుచుండెను. పిడి త్రిప్పు ప్రతి యంత్రమును ఆతని యధికారులు అనుమానముతో చూచిరనియు, ఫ్రెంచి రాయబారి కార్యాలయము కలుగజేసికొనిన పిమ్మటను, కొన్ని నాణెములు చేతులు మాఱిన పిమ్మటను గాని తన పెట్టె లోనికి పోలేదనియు ప్రోమియో తన జ్ఞాపకములలో చెప్పెను.

బొమ్మకు గల శక్తి సుల్తానునకు తెలియకపోలేదు. 1893 ప్రాంతమున ఆతడు అమెరికాలోని కాంగ్రెసు గ్రంథాలయమునకు 51 ఆల్బములను కానుకగా పంపెను. వానిలో 1,800 లకు పైగా ఛాయాచిత్రములు కలవు. పాఠశాలలు, వైద్యశాలలు, సైనికులు, అగ్నిమాపకదళములు, మసీదులు, ఓడలు అందున్నవి. తన రాజ్యము నాగరకమైనదని పశ్చిమదేశములు గ్రహింపవలెనన్నది ఆతని కోరిక. యూరపునుండి వచ్చిన ఛాయాగ్రాహకుని కోరిక ఇందుకు విరుద్ధమైనది. తన దేశపు ప్రేక్షకులు టిక్కెట్టు కొనుటకు ఆతనికి మసీదు గోపురములు, ముసుగు స్త్రీలు, ఎఱ్ఱ కుచ్చుటోపీలు కావలెను. ఒకరు నాగరకతను ఏఱి చూపిరి. మఱియొకరు వింతను ఏఱి చూపిరి. బరువుమోసి బ్రదుకు మనుష్యుడు ఈ యిరువురి యేరుపాటులోను ముఖ్యుడు కాడు. వంతెనయే వానిని బొమ్మలోనికి తెచ్చెను.

హమాలీ మూపు

గలాటా వంతెన చిత్రములను నెమ్మదిగా చూచినవానికి మొదట కుచ్చుటోపీల ప్రవాహము కన్పట్టును. పిదప గుఱ్ఱపుబండ్లు, స్టీమరుల పొగ, వంతెన ప్రక్కనే యున్న రేవుమెట్లు, ఆ మెట్లు దిగి స్టీమరులకై పరుగిడువారు. బాస్ఫరసు గ్రామములనుండి ఉదయమున నగరమునకు వచ్చి సాయంకాలమున మరలిపోవు జనులు ఈ స్టీమరులమీదనే యాధారపడిరి. ఆ జనముమధ్య నడుము వంచి, కన్నులు నేలనుంచి, వీపుపై తనకన్న పెద్దదగు మూటతో నొకడు వచ్చును. వానిని ఆ దేశమున 'హమ్మాలు' అందురు.

పాఠకుల కీ మాట క్రొత్తది కాదు. మన ధాన్యపు కొట్లలోను, మిరపకాయల యార్డులలోను, రైల్వే గూడ్సుషెడ్డులలోను బస్తాలు మోయువానిని మన మేమని పిలుచుచున్నాము? హమాలీ యనియే కదా! మోయుట యను నర్థముగల అరబ్బీ ధాతువునుండి పుట్టి, ఆ మాట పశ్చిమమున బంగారుకొమ్మువఱకు, తూర్పున మన కృష్ణా గోదావరుల గట్టులవఱకు ప్రయాణము చేసినది. సామ్రాజ్యములు వేఱు, మతములు వేఱు, భాషలు వేఱు. బరువు మోయువాని పేరు మాత్రమొక్కటే.

ఆ హమ్మాలు వీపున తోలుతో చేసి లోపల కూరిన జీనువంటి మెత్త నొకటి కట్టుకొనును. పశువునకు జీను వేసినట్లే. దానిపై పెట్టెలు, పీపాలు, మంచములు, బీరువాలు ఎత్తుదురు. మిక్కిలి పెద్ద బరువైనచో నలుగురో, అంతకు మించినవారో పొడవైన దూలములకు దానిని వ్రేలగట్టి, అడుగులు కలిపి నడచెదరు. నగరపు వీధులు నిటారైనవి, ఇఱుకైనవి. బండి పోలేనిచోట మనుష్యుడే బండి.

ఆ వంతెన నెవడును ఊరక దాటరాదు. రెండు కొనలయందును తెల్లని యుడుపులు తొడిగిన మనుష్యులు నిలిచి సుంకము పుచ్చుకొనెడివారు. మన సంతలయొద్ద ఆశీలు వసూలుచేయు తీరున నన్నమాట. ఆ సుంకపు పట్టికను పాఠకులు గమనింతురు గాక. సైనికులకు, రక్షకభటులకు, పనిమీద పోవు అగ్నిమాపకులకు, మతాచార్యులకు సుంకము లేదు. కాలినడకను పోవువానికి 5 పారాలు. వీపున బరువున్న మనుష్యునికి 10 పారాలు. వీపున బరువున్న పశువునకు 20 పారాలు. గుఱ్ఱపుబండికి 100 పారాలు. గొఱ్ఱెకు, మేకకు 3 పారాలు. 40 పారాలు ఒక కురుషు.

చరిత్రకారుడు పెద్ద గ్రంథము వ్రాసి చెప్పవలసిన సంగతిని ఈ పట్టిక నాలుగు పంక్తులలో చెప్పినది. బండిలో కూర్చుండి పోవువాడు బండికి చెల్లించును. తన వీపునే బండిగా చేసికొన్నవాడు ఉత్తచేతులతో పోవు మనుష్యునికన్న రెండింతలు చెల్లింపవలెను. బరువు మోయు మనుష్యుని స్థానము ఉత్త మనుష్యునికిని, బరువు మోయు పశువునకును సరిగా నడుమ నున్నది! ఈ సుంకము 1930 వఱకు సాగెను. కనుక అంతకు ముందు తీసిన ప్రతి చిత్రమునను వంతెనమీద కనబడు సామాన్యుడు ఆ దారికి వెల చెల్లించినవాడే. మనము ఊరక చూచుచున్న యా నడక వానికి ఊరక దొరకినది కాదు.

చిత్రమున లేనివారు

కెమెరా యెదుట నున్నదానినే చూపును. నిన్న నుండి నేడు లేనివారిని చూపజాలదు. ఈ సంగతి మఱచినచో చిత్రము మనలను మోసగించును.

1896 ఆగస్టు 26 వ తేదీన కొందఱు ఆర్మీనియను విప్లవకారులు గలాటాయందలి ఒట్టోమాను బ్యాంకును ఆక్రమించిరి. దానికి ప్రతీకారముగా ఆ నగరమున ఆర్మీనియనుల యూచకోత జరిగెను. వేలకొలది జనులు చచ్చిరి. చచ్చినవారిలో పెక్కుమంది బ్యాంకు నెఱుగని, విప్లవమునెఱుగని బీదవారు. తూర్పు మండలములనుండి పొట్టకూటికై వచ్చి రేవులలో బరువులు మోసిన హమ్మాలులు. వారు పోయినచోట ఆ మూపుపని చాలవఱకు కుర్దుల చేతికి పోయెను.

ప్రోమియో చిత్రములు జాబితా కెక్కినది ఆ మఱుసటి యేట. నీరు, ఓడలు, గట్టు, జనము—అంతయు శాంతముగ నున్నది. పారిసులో చూచినవారు తూర్పుదేశపు సౌందర్యమని మెచ్చుకొని యుందురు. కాని ఆ కాలమున ఆ రేవులలో బరువు మోయుచున్న మనుష్యుడు నిరుడు ఆ బరువును మోసినవాడు కాకపోవచ్చును. ఎవరి స్థానమున నెవరు నిలిచిరో బొమ్మ చెప్పదు. అందుచేత ప్రాతచిత్రమును చూచునపుడు 'ఇందెవరున్నారు?' అని యడిగినంతనే చాలదు, 'ఇందెవరు లేరు?' అనియు నడుగవలెను.

చిత్రమును చదువు విధము

ఇట్టి చిత్రములు పెక్కింటికి తేదీ లేదు. పెట్టెమీది చీటి చినిగిపోయినది, తీసినవాని పేరు పోయినది. అప్పుడు వంతెనయే సాక్ష్యము చెప్పవలెను. దారి యిఱుకైనచో మూడవ వంతెన, 1912 కు పూర్వము, విశాలమైనచో నాలుగవది. విద్యుచ్ఛక్తితో నడచు ట్రాము వంతెనపై కన్పట్టినచో 1914 కు ముందు కాదు. వీధులలో కుక్కలు గుంపులుగా పండుకొని యున్నచో 1910 కు పూర్వమని యూహింపవచ్చును. ఏలయన, ఆ యేట నగరపాలకులు వేలకొలది కుక్కలను పట్టి, మనుష్యులు లేని దీవిలో విడిచిపెట్టగా అవి యాకలిచే చచ్చినవి. మగవారి తలలపై కుచ్చుటోపీలే యున్నచో 1925 నవంబరునకు ముందు. ఆ నెలలో కెమాలు ప్రభుత్వము కుచ్చుటోపీని నిషేధించి, ఇంగ్లీషు టోపీని విధించెను. తెల్లయుడుపుల సుంకరులు నిలిచియున్నచో 1930 కు ముందు.

చూడుడు, రాజులు మాఱిన తేదీలు ఇందులో నొక్కటియు లేదు. కుక్క, టోపీ, ట్రాము, సుంకము—ఇవియే కాలమును చెప్పినవి. నిత్యజీవనమును తుచ్ఛమని త్రోసివేయువారి కిదియే సమాధానము. జరిగినదినము అల్పముగ తోచినది అర్ధశతాబ్దమైన పిమ్మట ఆనవాలగును.

మఱియొక జాగ్రత్తయు కావలెను. ఆనాటి కెమెరాను చేతితో త్రిప్పిరి. సెకండునకు సుమారు 16 బొమ్మలు. శబ్దచిత్రములు వచ్చిన పిమ్మట యంత్రములు సెకండునకు 24 బొమ్మలు చూపునట్లు స్థిరపడెను. ప్రాతచిత్రమును ఆ వేగమున నడపినచో జనులు చీమలవలె పరుగిడుదురు, కీలుబొమ్మలవలె ఎగురుదురు. ప్రేక్షకులు నవ్వుదురు. ఆ నవ్వు అన్యాయము. సరియైన వేగమున చూపినచో ఆ హమ్మాలు మెల్లగ, ఆలోచించి, అడుగుతీసి అడుగు వేయును. బరువు మోయువాని నడకకు గల గౌరవము తిరిగివచ్చును.

తిరిగి చూచిన చూపు

ఈ చిత్రములలో మమ్ము మిక్కిలి ఆకర్షించినది వేఱొకటి కలదు. జనములో నెవడో యొకడు నడక మాని నిలుచును. కెమెరాను చూచును. బాలు డొకడు నవ్వును. ముసలివా డొకడు కనుబొమలు ముడుచును. ఒకడు తెలియనట్లు నటించి రెండడుగులు వేసి మరల వెనుదిరుగును. తమ్ము చూడవచ్చినవానిని వారు తిరిగి చూచుచున్నారు. పిడి త్రిప్పువాడు వింత చూడవచ్చి తానే వింతయైనాడు. దొరతనముయొక్క గ్రంథములలో, యాత్రికుల వర్ణనములలో తూర్పుదేశపు సామాన్యుడు మాటాడడు, వర్ణింపబడును. ఈ ఏబది సెకండ్లలో నాతడు మాటాడకున్నను చూచినాడు. ఆ చూపును కత్తిరించుటకు ఛాయాగ్రాహకునికి తోచలేదు. తోచకుండుట మన యదృష్టము.

ఆ వంతెనమీదికి పిదప వేఱు కాలము వచ్చెను. బాల్కను యుద్ధమున గాయపడినవారికి చికిత్స చేయుటకై డాక్టరు అన్సారీగారి నాయకత్వమున భారతీయ వైద్యబృందము 1912 చివర బొంబాయినుండి ఆ నగరమునకు పోయెను. మహాయుద్ధానంతరము 1918 నవంబరులో మిత్రమండలి నౌకలు ఆ రేవున లంగరు వేసినవి. 1923 అక్టోబరు వఱకు ఆ నగరము పరుల సైన్యములక్రింద నుండెను. ఆ దినములలోనే మన దేశమున ఖిలాఫతు ఉద్యమము సాగెను. ఆంధ్రదేశపు పట్టణములలో హిందువులును మహమ్మదీయులును ఒకే పందిరిక్రింద కూర్చుండి ఆ దూరనగరముకొఱకు తీర్మానములు చేసిరి. ఆ నగర మెట్లుండునో ఆ సభలకు వచ్చినవారిలో చూచినవా రరుదు. తమవలెనే బరువులు మోయుచు, ఆశీలు చెల్లించుచు వంతెన దాటు జనుల నగరమని వారికి ఒక్క బొమ్మ చూపినవారు లేకపోయిరి.

పేరు పెట్టువా రెవరు?

చిత్రము నెవడు తీసెనన్నది యొక ప్రశ్న. దానికి పేరెవడు పెట్టెనన్నది అంతకన్న పెద్ద ప్రశ్న. ఇందులకు మన దేశపు నిదర్శనమే కలదు. 1899 లో నొక ఇంగ్లీషు కంపెనీ గంగానదిమీదినుండి తీసిన కలకత్తా దృశ్యమని యొక చిత్రమును విక్రయించెను. భారతదేశమున తీయబడి నేటికి మిగిలియున్న తొలి చిత్రములలో నది యొకటి. అందు కనబడునది కలకత్తా కాదు, కాశీ ఘట్టములు! కాశి నెఱిగిన యే హిందువునైనను పిలిచి యొక్కసారి చూపియున్నచో ఆ తప్పు ఆనాడే తీఱియుండెడిది. లండనులో చూచినవారికి కాశియైన నేమి, కలకత్తా యైన నేమి? వారికి రెండును 'ఇండియా'యే.

అయినను ఆ విదేశీయులను నిందించి తృప్తి నొందుట మాకు సమ్మతము కాదు. వారు తీసిరి, దాచిరి. మనము తీసినది దాచుకొనలేదు. 1914 నవంబరులో ఇస్తాంబులు వెలుపల రష్యనుల స్మారకచిహ్నమును కూల్చుటను చిత్రించినది తురుష్కులు తీసిన తొలి చిత్రమని చెప్పుకొందురు. దాని ప్రతి యొకటియు నేడు లేదు. మన సంగతి యింతకన్న మెఱుగు కాదు. రఘుపతి వెంకయ్యగారు 1910 మొదలు ఊరూర చలనచిత్రములు చూపిరి. వారి కుమారుడు ప్రకాశుగారు 1921 లో 'భీష్మప్రతిజ్ఞ' తీసిరి. తెలుగువారి తొలి మూకీ చిత్రమైన దానిని నేడు చూడగలవా డొక్కడును లేడు. భారతదేశమున తీయబడిన మూకీచిత్రములలో అత్యధికభాగము నశించినవి. పుణెలో జాతీయ చలనచిత్ర భాండారము 1964 లో గాని వెలయలేదు. అప్పటికే నిప్పంటుకొను గుణముగల ఆ ఫిల్ము కొంత కాలినది, కొంత కుళ్లినది, కొంత వెండికొఱకు కరగింపబడినది.

పురాణకథలు తీసిన చిత్రములకే యీ గతి పట్టినపుడు, బెజవాడ రేవులో బల్లకట్టుపై దాటిన బండ్లను, గోదావరి వంతెనక్రింద సాగిన పడవలను, సంతకు పోవు జనమును చిత్రించి దాచవలెనన్న బుద్ధి యెవనికి పుట్టును? ఆ కాలమున ఆ పని యూరపువానికి వింతగా తోచి చేసినాడు. మనకు మామూలుగా తోచి మానినాము.

మన కర్తవ్యము

ఇపుడేమి చేయవలెను? మొదటిది, విదేశపు భాండారములలో మన దేశపు చిత్రములు కలవు. బ్రిటిషు ఫిల్ము ఇన్‌స్టిట్యూటు 1899 మొదలు 1947 వఱకు భారతదేశమున తీయబడిన పెక్కు చిత్రములను 2017 మొదలు జనులు చూచునట్లు ఏర్పాటు చేసినది. వానిని మనవారు చూడవలెను. ఊరి పేరు తప్పైనచో, ఘట్టము పేరు తప్పైనచో, కులవృత్తి పేరు తప్పైనచో వ్రాసి దిద్దింపవలెను. ఈ పని పండితునికన్న ఆ యూరివాడు బాగుగ చేయగలడు. రెండవది, మన యిండ్ల అటకలమీద పెండ్లినాటి ఫిల్ముచుట్టలు, ఫ్యాక్టరీ ప్రారంభోత్సవపు చుట్టలు, తిరునాళ్ల చుట్టలు ఇంకను మిగిలియుండవచ్చును. పెండ్లికొడుకు ముఖముకన్న వెనుకనున్న వీధి నేడు విలువైనది. వానిని పాఱవేయుటకు ముందు తెలిసినవారికి చూపవలెను. మూడవది, నేడు ప్రతివాని చేతను కెమెరా యున్నది. తన ముఖమును తాను తీసికొనుటకు వెచ్చించు కాలములో నూఱవవంతైనను తన యూరి వంతెనపై, తన సంత మొగదలలో, తన యార్డులో కెమెరాను నిలిపి, తేదీ వేసి, స్థలము వ్రాసి దాచినచో మన మనుమలు మనకు ఋణపడియుందురు.

గలాటాయొద్ద నేడున్నది ఐదవ వంతెన. నాలుగవది 1992 లో కాలగా, ఇది 1994 లో వచ్చెను. దానిమీద ట్రాము నడచుచున్నది. కమ్మి వెంబడి గాలములు వేసికొని జనులు బారుతీర్చి నిలుచుచున్నారు. అడుగున భోజనశాలలు కలవు. సుంకము లేదు. వీపున జీను కట్టిన హమ్మాలులు ఒకనాడు గుంపులుగ దాటిన దారి యిదియేయని చెప్పు గుర్తు ఆ యినుములో లేదు. ఆ గుర్తు ఫిల్ములో మాత్రమే మిగిలినది.

మన యార్డులలో హమాలీ యింకను కలడు. నేటి ప్రొద్దున గూడ బస్తా నెత్తుకొన్నాడు. ఆతని పేరేమో, ఆ బస్తా తూకమెంతయో, దాని కీయబడు కూలి యెంతయో తెలిసిన వారు పాఠకులలోనే కలరు. ఆ సంగతులను వ్రాసియుంచుటకు ప్రోమియో రానక్కఱలేదు.